సమస్య: మునిఁగినట్టి వాఁడె మునివరుండు

నిర్వాహకుడు: కడలి అడుగున ఒక మఠం, పోయిన చరిత్రను వెలికితీసే మునులు అందులో. రాత్రి నిద్రపట్టక ఇలా ఏదో ఊహించుకుంటుంటే ‘మునిగి’లోంచి ‘ముని’ తల బయట పెట్టాడు. అంతే, పద్యానికి చివరి పాదంగా ఇచ్చేశాను. మఠాన్ని వాడుకున్నా సరే, వదిలేసినా సరే. అప్పుల్లో మునిగినవాళ్లను మాత్రం తేకండి, పోయినసారి అందరూ అదే.

పాతగంట:
సోమకుండు దాఁచె శ్రుతులను గడలిలో
మీన మగుచు హరియె మెఱసి తెచ్చె
పోయినట్టి చదువుఁ బొందఁగోరిన యెడ
మునిఁగినట్టి వాఁడె మునివరుండు

సముద్రపుకాకి: మాష్టారూ, ‘దాఁచె’ పక్కన ‘శ్రు’ వచ్చింది. ‘చె’ గురువైపోదూ?

పాతగంట: వేరే పదం కదమ్మా. ‘దాఁచె’ తెలుగు మాట, దాని తర్వాత సంయుక్తం వస్తే ఏం కాదు. ఒకే సమాసంలో ఉంటే అప్పుడు అడుగు.

గురులఘువు: గణాల సంగతి సరే, దొంగ సంగతి? భాగవతం అష్టమ స్కంధంలో వేదాలు ఎత్తుకెళ్లినవాడు హయగ్రీవుడు. సోమకుడు మన అమ్మమ్మల కథల్లోవాడు.

పాతగంట: మరోచోట హయగ్రీవుడంటే వేదాలు తెచ్చి ఇచ్చిన విష్ణువే. దొంగా దొరా ఒకే పేరైతే పద్యం చదివేవాడు మునుగుతాడు. అందుకే అమ్మమ్మ మాటే పట్టుకున్నాను.

నిర్వాహకుడు: భేష్. కానీ ‘మెఱసి’ యతి కోసం వచ్చి కూర్చున్నట్టుంది.

సముద్రపుకాకి:
ద్వారకాపురంబు వారిధిఁ గనుఁగొన
రాతి లంగరులను వ్రాసికొనుచు
గాలితిత్తి మోసి కడలిలోఁ జదివిన
మునిఁగినట్టి వాఁడె మునివరుండు

మీ ఊహల మఠం నిజంగానే ఉందండీ. గోవాలోని జాతీయ సముద్ర విజ్ఞాన సంస్థలో ఎస్.ఆర్.రావు గారి బృందం 1980లలో ద్వారక దగ్గర మునిగింది. నాకు అన్నిటికంటే నచ్చినవి లంగరు రాళ్లు. ముక్కోణపు రాయి, మూడు కన్నాలు. పై కన్నంలో తాడు, కింది రెండిట్లో కర్రలు. ఆ కర్రలు ఇసుకలో దిగబడి ఓడను పట్టుకునేవి. తాడూ పోయింది, కర్రా పోయింది, కన్నాలు మిగిలాయి.

పాతగంట: బాగుందమ్మా. తిత్తి మాత్రం కొలిమి దగ్గరిది. అది వీపున కట్టుకుని దిగితే వాడు మునివరుడు కాడు, మునిగినవాడే.

సముద్రపుకాకి: ‘సిలిండరు’తో పాదం ఎత్తుకోండి చూద్దాం. మొదటే లఘువు, వెంటనే గురువు.

గురులఘువు: ‘గాలిబుడ్డి’ అనండి. గణమూ చెడదు, యతీ చెడదు.

పాతగంట: మునివరుడి చేతికి బుడ్డి ఇస్తే మఠం పరువేం కాను!

నిర్వాహకుడు: ఇక నా వంతు.
దూదివంటి జీవి దొరకునని మునిఁగి
కంచుఁ జక్రములను గాంచె నొకఁడు
శాస్త్ర మెఱుఁగకున్న సంద్రాన వెదకెడు
మునిఁగినట్టి వాఁడె మునివరుండు

గురులఘువు: ఆంటికితెరా, గ్రీకు దీవి దగ్గర మునిగిన ఆ పాత ఓడ! మలుపు అదిరింది, పండితుణ్ణి ఒడ్డునే కూర్చోబెట్టారు. రెండో పాదం మాత్రం ఒప్పుకోను. 1900లో ఆ స్పాంజి గజ ఈతగాడికి కనబడ్డవి విగ్రహాలు, శవాల గుట్ట అనుకుని హడలిపోయి పైకొచ్చాడట. గ్రహగతులు లెక్కగట్టే ఆ పాత యంత్రం పళ్లచక్రం బయటపడింది 1902లో, ఏథెన్స్ మ్యూజియంలో, తుప్పుముద్దలో.

నిర్వాహకుడు: ఒప్పుకున్నాను. ‘కంచు బొమ్మ చేయి గాంచె నొకఁడు’. ఆ తవ్వకంలో ఒక ఈతగాడు ప్రాణం పోగొట్టుకున్నాడు, ఇద్దరికి పక్షవాతం వచ్చింది. మునివరుడన్నది ఊరికే అనలేదు.

గురులఘువు: వద్దన్నారు కాబట్టే అప్పులతోనే మొదలుపెడుతున్నాను.
అప్పులందుఁ గాదు, అలలందుఁ గాదయా,
పాత పుస్తకాల బావిలోన
పగలు రేయి తెలియఁబడనంత లోఁతుగా
మునిఁగినట్టి వాఁడె మునివరుండు

సముద్రపుకాకి: ‘గాదు, అలలు’ విసంధి, కలపాల్సినచోట సంధి కలపలేదు! సంధి చేస్తే ఒక లఘువు ఎగిరిపోతుంది. ఊళ్లో వాళ్ల దొంగల్ని పట్టే ముందు ఇది చూసుకోవాల్సింది.

పాతగంట: బావి మాత్రం చల్లగా ఉంది. నిర్వాహకుడి కంటే నాకు ఇదే నచ్చింది.

సముద్రపుకాకి: మీకు నచ్చకేం మాష్టారూ. పోయిన నెల మోటుపల్లి రేవు శాసనాన్ని రుద్రమకు కట్టబెట్టిన మీ పద్యాన్ని మెచ్చుకున్నది గురులఘువు గారు ఒక్కరే.

పాతగంట: మార్కోపోలో ఆ రేవుకు వచ్చింది రుద్రమ కాలంలోనే కదమ్మా.

సముద్రపుకాకి: వచ్చినవాడు వేరు, వేయించినవాడు వేరు. ఓడ పగిలి ఒడ్డుకు కొట్టుకొస్తే పాత రాజులు సరుకంతా ఊడ్చుకుపోయేవారు, మేము సుంకం తప్ప ముట్టం అని 1244లో అభయమిచ్చింది గణపతిదేవుడు. ‘రాణి’ అంటే యతి కుదిరింది కాబట్టి తండ్రి మాట కూతురి నోట పెట్టేశారు!

నిర్వాహకుడు: మోటుపల్లి మళ్లీ లేచిందా. గురులఘువు గారూ, ‘గాక, యలలందుఁ గాకయే’ అని మార్చండి, విసంధి పోతుంది.

గురులఘువు: మార్చాను. ఇక మాష్టారి చేత మోటుపల్లి మార్పించే పూచీ మీది.

పాతగంట: ‘రాణి’కి బదులు యతికి ఏం సరిపోతుందో ముందు ఎవరైనా చెప్పండి.