మహారాష్ట్రలో ప్రభుత్వ ఉద్యోగిపై ఏసీబీ కేసు నడుస్తుంటే గ్రాట్యుటీ ఆపొచ్చా? పెన్షన్ కూడా ఆపొచ్చా?

ధర్మాబాద్‌వాసి:
లంచం తీసుకుంటూ ఏసీబీకి చిక్కి ట్రాప్ కేసు పడ్డ ఉద్యోగి 58 నిండి రిటైరై దిగిపోతాడు. "నా-చౌకశీ దాఖలా (విచారణేదీ లేదన్న సర్టిఫికెట్) రాలేదు" అని ఆఫీసులో ఫైలు కదలనివ్వరు. పెన్షనూ లేదు, గ్రాట్యుటీ లేదు. రుజువు కాకముందే ఇది శిక్ష కాదా? పెన్షన్, గ్రాట్యుటీ ఆస్తి కిందే లెక్క, చట్టం లేకుండా లాక్కోకూడదని జితేంద్ర కుమార్ శ్రీవాస్తవ కేసులో సుప్రీంకోర్టు 2013లోనే చెప్పిందిగా!

బిలోలి లెక్కలు:
ఆ తీర్పును సగమే చదువుతున్నారు సార్. అది జార్ఖండ్ కేసు. కేసు తేలకముందే ఆపే అధికారం అక్కడి రూల్స్‌లో లేదు, సర్క్యులర్ పట్టుకుని ఆపారు. అందుకే ప్రభుత్వం ఓడింది. మన మహారాష్ట్ర 1982 పెన్షన్ రూల్స్‌లో రూల్ 130(1)(సి) ఉంది: శాఖా విచారణో కోర్టు కేసో తేలేదాకా గ్రాట్యుటీ ఇవ్వకూడదు. కాబట్టి గ్రాట్యుటీ ఆపడం చట్టబద్ధమే.

పెన్షన్ సంగతి వేరు. అదే రూల్ (ఏ) ప్రకారం ఆఫీసు హెడ్డే తాత్కాలిక పెన్షన్ మంజూరు చేయాలి, అదీ వచ్చే గరిష్ఠ పెన్షన్ ఎంతో అంతా. ఆఖరి బేసిక్ 60,000 అయితే 30,000, దానిమీద డీఏ. సస్పెన్షన్‌లో ఉండగా దిగితే సస్పెన్షన్ ముందు రోజు వరకే సర్వీసు లెక్క. దీనికి నాగ్‌పూర్ ఏజీ (అకౌంటెంట్ జనరల్) నుంచి పీపీఓ (పెన్షన్ చెల్లింపు ఉత్తర్వు) రానక్కర్లేదు. కమ్యుటేషన్ (పెన్షన్‌లో కొంత భాగాన్ని ముందే ఒకేసారి తీసుకోవడం) మాత్రం కేసు తేలేదాకా రాదు. జీపీఎఫ్ ఉద్యోగి సొంత డబ్బు, దాన్ని ఆపే ప్రశ్నే లేదు. (2005 నవంబరు 1న గానీ ఆ తర్వాత గానీ చేరినవాళ్లకు మామూలుగా ఈ పెన్షన్ లెక్క వర్తించదు, వాళ్లది ఎన్‌పీఎస్, అంటే జాతీయ పెన్షన్ పథకం.)

సిరొంచా తీరం:
చట్టబద్ధం సరే, న్యాయమేనా? అవినీతి నిరోధక చట్టం సెక్షన్ 4(4) ప్రకారం కోర్టు విచారణను రెండేళ్లలో ముగించే ప్రయత్నం చేయాలి, పొడిగించినా మామూలుగా మొత్తం నాలుగేళ్లు దాటకూడదు. 2018లో పెట్టిన గడువు ఇది. అది దాటితే గ్రాట్యుటీ వదలాలని 130లో ఒక్క ముక్క లేదు. కోర్టు ఆలస్యానికి ఉద్యోగి ఎందుకు మూల్యం కట్టాలి?

దెగ్లూర్ నానా:
ఏడు-బారా ఉతారా (భూమి రికార్డు నకలు) కోసం లంచం ఇచ్చుకున్న రైతు మూల్యం సంగతో? గ్రాట్యుటీ ఒక్కసారి చేతికిచ్చాక శిక్ష పడితే ఎక్కణ్ణుంచి రాబడతారు? ప్రభుత్వం చేతిలో మిగిలే పెద్ద మొత్తం అదొక్కటే. నెలకింత కోయడం మొదలుపెడితే మనిషి పోయేలోగా తేలదు.

బిలోలి లెక్కలు:
నానా, నీ మాట శిక్ష పడ్డాక సరిపోతుంది. ఇక్కడ అసలు తగాదా తేదీల దగ్గర. ఎఫ్ఐఆర్ ఉన్నంత మాత్రాన 'కేసు నడుస్తున్నట్టు' కాదు. రూల్ 27(6) ప్రకారం శాఖా విచారణ అభియోగపత్రం ఇచ్చిన రోజునో, అంతకు ముందే సస్పెండ్ చేస్తే ఆ రోజునో మొదలైనట్టు. క్రిమినల్ కేసైతే, కోర్టు కాగ్నిజెన్స్ తీసుకున్న (అంటే విచారణకు స్వీకరించిన) పోలీసు రిపోర్టు కోర్టులో పడిన రోజు. ఉద్యోగిపై కోర్టులో కేసు నడపడానికి కావాల్సిన అవినీతి నిరోధక చట్టం సెక్షన్ 19 మంజూరీ కోసం ఫైలు ఆగి, ఈలోగా మనిషి రిటైరైతే, సస్పెన్షనూ శాఖా అభియోగపత్రమూ లేకపోతే, గ్రాట్యుటీ ఆపడానికి ఆధారమే లేదు.

సిరొంచా తీరం:
ట్రాప్‌లో 48 గంటలు దాటి కస్టడీలో ఉంటే సస్పెండ్ అయినట్టే కదా. తర్వాత సస్పెన్షన్ ఎత్తేసి, అభియోగపత్రం ఇవ్వకుండానే రిటైర్ చేస్తే?

బిలోలి లెక్కలు:
అక్కడే రెండు పక్షాలూ గట్టిగా వాదిస్తాయి. నా లెక్కలో, దిగే రోజుకి సస్పెన్షనే లేనప్పుడు దాని పాత తేదీని పట్టుకు వేలాడ్డం కుదరదు. ఆఫీసులు ఒప్పుకోవు, ఉద్యోగుల కేసులు చూసే ట్రిబ్యునల్‌కి పోవాల్సిందే.

ధర్మాబాద్‌వాసి:
అయితే అర్జీలో ఏం రాయాలి?

బిలోలి లెక్కలు:
మూడు తేదీలు రాతపూర్వకంగా అడగండి: సస్పెన్షన్, శాఖా అభియోగపత్రం, కోర్టు కాగ్నిజెన్స్ తీసుకున్న పోలీసు రిపోర్టు పడిన రోజు. మూడోది ఈ-కోర్ట్స్ వెబ్‌సైట్‌లో సీఎన్‌ఆర్ (కేసు గుర్తింపు) నంబరు కొట్టినా తెలుస్తుంది. తాత్కాలిక పెన్షన్‌కి 130(1)(ఏ) చూపిస్తూ వేరే అర్జీ పెట్టండి. అందులో గ్రాట్యుటీ ఊసెత్తొద్దు. రెండూ కలిపితే ఫైలంతా న్యాయ సలహాకని పైకి పోతుంది, పెన్షనూ దాంతోపాటే ఆగుతుంది.

దెగ్లూర్ నానా:
పెన్షన్ ఇవ్వమనండి, నాకు అభ్యంతరం లేదు. గ్రాట్యుటీ మాత్రం తీర్పు వచ్చాకే.