గోడమీది నీళ్ల పైపులు: గోడ కొట్టి లోపల వేయించాలా, పైన కప్పాలా?

పటమట నివాసి:
మాది పాత అపార్ట్‌మెంటు. తుప్పు పట్టిన జీఐ (జింకు పూత ఇనుప) పైపులను తీసేసి, గోడమీదుగానే సీపీవీసీ (వేడినీళ్లను తట్టుకునే ప్లాస్టిక్) పైపులు వేయించాము. గీజరు నుంచి వంటగదికి వెళ్లే ముప్పావు అంగుళం వేడినీళ్ల లైను హాల్లో తలుపు పైన అడ్డంగా కనిపిస్తోంది. గోడ కొట్టి లోపలికి పంపించమని ఇంట్లోవారు, వద్దని ప్లంబరు అంటున్నారు. అది నాలుగున్నర అంగుళాల గోడ. మీ అభిప్రాయాన్ని కారణాలతో సహా తెలియజేయగలరు.

బ్రాడీపేట, గుంటూరు:
లోపలికే పంపించండి. పైకి కనిపించే పైపు వెనక బూజు పడుతుంది, బల్లులు చేరతాయి, రంగు వేసేటప్పుడు ఆ సందులోకి బ్రష్ వెళ్లదు. ప్లాస్టరింగుకు ముందు ప్రెషర్ టెస్ట్ (పైపులో ఒత్తిడితో నీళ్లు నింపి లీకులు చూడడం) చేయించి, పైపు వెళ్లిన దారిని కొలతలతో ఫొటోలు తీసి ఉంచుకుంటే భయపడవలసిన పని లేదు.

సివిల్ ఇంజనీరు, మొగల్రాజపురం:
టెస్ట్, ఫొటోల విషయంలో బ్రాడీపేట వారితో పూర్తిగా ఏకీభవిస్తాను, కానీ ఈ గోడకు ఆ సలహా సరిపోదు. ఇటుక గోడల గురించిన భారతీయ ప్రమాణం ఐఎస్ 1905 ప్రకారం నిలువు గాడి లోతు గోడ మందంలో మూడో వంతును, అడ్డగాడి లోతు ఆరో వంతును మించకూడదు. నాలుగున్నర అంగుళాల గోడలో ఆరో వంతంటే 19 మి.మీ. మాత్రమే, ముప్పావు అంగుళం సీపీవీసీ పైపు బయటి కొలతే 22 మి.మీ. దాటుతుంది, దానిపైన ప్లాస్టరు మందం అదనం. పైగా వేడినీళ్లు వచ్చిన ప్రతిసారీ ఈ పైపు సాగుతుంది: 3 మీటర్ల పైపు 30 డిగ్రీలు వేడెక్కితే దాదాపు 6 మి.మీ. పెరుగుతుంది. కదలడానికి చోటు లేకుండా సిమెంటులో బిగిస్తే ఆ ఒత్తిడంతా ఎల్బోల (పైపు మలుపు తిరిగే జాయింట్ల) మీద పడుతుంది.

బ్రాడీపేట, గుంటూరు:
ఐఎస్ 1905 పరిమితి బరువు మోసే గోడలకు సంబంధించినది. అపార్ట్‌మెంట్లలో బరువును కాలమ్స్, బీములు మోస్తాయి కదా, అడ్డగోడకు అంత పట్టింపు ఎందుకు?

సివిల్ ఇంజనీరు, మొగల్రాజపురం:
మీరన్నది నిజమే, గాడి కొట్టినంత మాత్రాన భవనానికి ప్రమాదం లేదు. కానీ సగం ఇటుక మందమే ఉన్న ఇలాంటి గోడను అడ్డంగా కోస్తే ఆ వరుస పొడవునా బలం తగ్గి, పగులు బయటపడుతుంది. తలుపు పైన లింటెల్ (పై గోడను మోసే అడ్డదూలం) కూడా ఉంటుంది, దాన్ని ముట్టుకోకూడదు. రేపు చెమ్మ కనిపిస్తే లీకు ఎక్కడుందో వెతకడానికి మళ్లీ సుత్తి పట్టవలసిందే. అందువల్ల నా సలహా: పైపును సీలింగుకు దగ్గరగా జరిపించి, సాగే వీలుండేలా వదులు క్లాంపులు వేయించి, పైన స్క్రూలతో ఊడదీయగలిగే పెట్టె కట్టించండి. వాల్వ్ ఉన్నచోట చిన్న తలుపు తప్పనిసరి. పెట్టెకు ప్లైవుడ్ వాడకండి, చెమ్మకు ఉబ్బుతుంది, చెదలు పడతాయి. 2024 సెప్టెంబరులో బుడమేరు వరద వచ్చినప్పుడు కింది అంతస్తుల్లో చెక్కసామాను ఏమైందో విజయవాడ వారికి వేరే చెప్పనక్కరలేదు. పీవీసీ బోర్డు చాలు, గోడ రంగే వేస్తే పెట్టె కంటికి ఆనదు.

పటమట నివాసి:
ఇద్దరికీ కృతజ్ఞతలు. పక్కనే ఏసీ రాగి పైపులు కూడా ఉన్నాయి. వాటినీ అదే పెట్టెలో పెట్టవచ్చునా?

సివిల్ ఇంజనీరు, మొగల్రాజపురం:
వేరే పెట్టెలో పెట్టండి. రాగి పైపుల ఇన్సులేషన్ ఎక్కడ చిరిగినా నీరు చెమర్చి కారుతుంది, అప్పుడు ఏ పైపు లీకవుతోందో తేల్చుకోవడం కష్టం. ఏసీ నీళ్లు బయటికి పోయే డ్రెయిన్ పైపుకు మాత్రం మీటరుకు కనీసం 1 సెం.మీ. వాలు ఉందో లేదో పెట్టె మూయకముందే, ఒక చెంబెడు నీళ్లు పోయించి చూసుకోండి.