1980ల టీవీ కంప్యూటర్ నేర్పిందా, అమ్మిపెట్టిందా?

పాత ఫ్లాపీ: ఇంటర్నెట్ ఆర్కైవ్‌లో 'కంప్యూటర్ క్రానికల్స్' అనే కంప్యూటర్ల టీవీ కార్యక్రమం పాత ఎపిసోడ్లు చూస్తున్నాను. అమెరికాలో పీబీఎస్ అనే ప్రజా టీవీ ఛానళ్లలో 1983 నుంచి 2002 దాకా వచ్చింది. ఎవరో కంపెనీ మనిషి వస్తాడు, బల్ల మీద మెషిన్ పెట్టి నాలుగు కీలు నొక్కి చూపిస్తాడు. పైగా 1990 వరకు యాంకర్ స్టీవర్ట్ షెఫే పక్కన కూర్చున్నది గ్యారీ కిల్డాల్. ఆయనదే డిజిటల్ రీసెర్చ్ కంపెనీ. తానూ సాఫ్ట్‌వేర్ అమ్ముకుంటూ పోటీ కంపెనీల వాళ్లను ప్రశ్నలడగడం ఏం న్యాయం? బీబీసీ అలా కాదు. 1982 జనవరిలో 'ది కంప్యూటర్ ప్రోగ్రామ్' మొదలుపెట్టి జనానికి బేసిక్ అనే ప్రోగ్రామింగ్ భాష నేర్పింది.

సీపీఎం అభిమాని: కిల్డాల్ గారిని పట్టుకుని అమ్ముకునేవాడు అంటారా? అప్పటి కంప్యూటర్లను నడిపిన సీపీ/ఎం అనే ఆపరేటింగ్ సిస్టమ్ రాసిన మనిషి ఆయన. డెమో ఎక్కడ తడబడిందో కనిపెట్టాలంటే అలాంటివాళ్లే ఉండాలి. ఏమీ తెలియని యాంకర్‌ను కూర్చోబెడితే కంపెనీ చెప్పిందే వేదం. మీ బీబీసీ మాత్రం? ఎకార్న్ కంపెనీ చేత మెషిన్ చేయించి బీబీసీ మైక్రో అని తన పేరే వేసుకుంది.



పాత ఫ్లాపీ: పేరు వేసుకున్నది టీవీలో చూపిన ప్రోగ్రామ్ ఇంట్లో అలాగే నడవాలని. అడాప్టర్ ఉంటే టెలిటెక్స్ట్ ద్వారా, అంటే టీవీ సిగ్నల్‌తో పాటు వచ్చే అక్షరాల సేవ ద్వారా, ప్రోగ్రామే ఇంటికి వచ్చేది. ఇది అమ్మకమా?

సీపీఎం అభిమాని: ఆ బీబీసీ మైక్రోలో మోడల్ బి ధర 399 పౌండ్లకు పెరిగింది. స్పెక్ట్రమ్ అనే వేరే కంపెనీ కంప్యూటర్ 125కే దొరికేది. దాని బేసిక్ వేరు. అది కొనుక్కున్న పిల్లాడు మీ పాఠం ఎలా టైప్ చేస్తాడు?

వరంగల్ రాణి: స్కూళ్లలో కంప్యూటర్ నేర్పడానికి 1984లో మొదలైన క్లాస్ (CLASS) పథకం కింద ఆ బీబీసీ మైక్రోలే మన దేశంలో స్కూళ్లకు వచ్చాయి. మా స్కూల్లో ఆ గదికి ఎప్పుడూ తాళమే. తనిఖీ రోజున తెరిచి, మగపిల్లల్ని ముందు కూర్చోబెట్టేవారు.

పాత ఫ్లాపీ: అదీ టీవీ తప్పేనా? ఏదో ఒకటి అనడానికే వచ్చారా అందరూ?

సీపీఎం అభిమాని: ఆవిడ మీద అరుస్తారేం? మీ లెక్కలో ప్రోగ్రామ్ రాయగలిగినవాడే మనిషి. మా నాన్న ఆడిటర్ దగ్గర పద్దులు రాసేవారు. ఒక అంకె మారిస్తే స్ప్రెడ్‌షీట్‌లో మొత్తం ఎలా మారుతుందో చూపిస్తే ఆయనకు చాలు. టీవీ ఆ పని చేస్తే తప్పా?

పాత ఫ్లాపీ: తప్పే. లోపల ఏం జరుగుతోందో చెప్పకుండా వాడకం మాత్రం చూపిస్తే, ఆ కంపెనీ ఏ ధర చెబితే ఆ ధరకు జన్మంతా కొనాల్సిందే. నా కోపమంతా అందుకే, కిల్డాల్ మీద కాదు.

సీపీఎం అభిమాని: ఆ మాట మొదటే అనాల్సింది. అయినా ఒప్పుకోను.

వరంగల్ రాణి: ఏది నేర్పాలన్నది మీ గొడవ. మమ్మల్ని కీబోర్డు ముట్టుకోనివ్వలేదన్నది నాది. మా దగ్గర శిక్షణ ఇచ్చింది ఒక్క లెక్కల మాస్టారికి. ఆయనకు బదిలీ అయ్యాక ఆ గది తెరిచినవాళ్లే లేరు.