అప్‌డేట్: రెండు చందమామల పంచాంగం తేలింది, పాత చిక్కు ఒకటి మిగిలింది

పోయిన నెల అడిగింది నేనే. నా కథాలోకంలో పెద్ద చంద్రుడికి 36 రోజులకోసారి పున్నమి, చిన్నవాడికి 24కి. ఏడాదికేమో 369 రోజులు. పండగలు రుతువులు దాటి జారిపోతున్నాయి, ఏం చేయాలని అడిగాను.

అధిక మాసం పెట్టమని ఎక్కువమంది చెప్పారు. పెట్టాను. పెద్ద చంద్రుడి నెలలు పది కలిపితే 360, ఏడాదికి 9 రోజులు తక్కువ. నాలుగేళ్లకు సరిగ్గా ఒక నెల పోగవుతుంది. మన లెక్క ఇంత తేలిక కాదు: చాంద్ర సంవత్సరం 354 రోజులే కాబట్టి సుమారు 32, 33 నెలలకోసారి అధిక మాసం రావాల్సిందే.

అసలు మలుపు జాలరిపేట ఒడ్డున దొరికింది. వల బాగుచేసుకుంటున్న ఒక పెద్దాయనను ఈ రోజు తేదీ ఎంతని అడిగితే, "తేదీ ఏటి బాబూ, రేపు అమాస. పోటు గట్టిగుంటాది" అన్నాడు. అంతే, నెలల పేర్లన్నీ కొట్టేశాను. రెండు పున్నములూ 72 రోజులకోసారి కలుస్తాయి, ఆ రోజు సముద్రం ఊళ్లోకి వస్తుంది. ఇప్పుడు నా జనం కాలాన్ని 'పోటు'లతో లెక్కపెడతారు, మామూలు ఏడాదికి ఐదు. ఇక్కడ ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 దాకా వేట నిషేధం ఉన్నట్టే, అక్కడ ఒక పోటు కాలమంతా పడవలు కదలవు.

మిగిలిన టెన్షన్: హీరో అధిక మాసంలో పుట్టాడు. మూడో అధ్యాయంలో వాడికి పన్నెండేళ్లని రాసి, పుట్టినరోజులు మూడే చేయించాను. మా మామ్మ చదివి, "అధికంలో పుడితే మిగతా ఏళ్లు నిజ మాసంలో, అంటే అదే పేరున్న మామూలు నెలలో చేస్తార్రా" అని తిట్టింది. ఆ అధ్యాయం మళ్లీ రాస్తున్నా.