బాదం చెట్టుకు పెద్ద పచ్చ పురుగులు, గోడ మీద కళ్ల మచ్చల రెక్కల పురుగు. పిల్లలకు ప్రమాదమా?

బాదంచెట్టు ఇల్లు:

అందరికీ నమస్తే. మాది మంచిర్యాల. నిన్న రాత్రి వరండా లైటు దగ్గర గోడ మీద ఒక పెద్ద పురుగు వాలింది. సీతాకోకచిలుక అందామంటే మరీ పెద్దది, రెక్కలు చాపితే నా అరచెయ్యి దాటింది. పసుపు గోధుమ రంగు, లావు పొట్ట. నాలుగు రెక్కల మీద ఒక్కో గుండ్రటి మచ్చ, కళ్లు తెరిచి మన వైపే చూస్తున్నట్టు. మా నాలుగేళ్ల బాబు వెళ్లి రెక్క పట్టుకున్నాడు, వేళ్లకు పొడి అంటింది. ఆ పొడి కళ్లలో పడితే చూపు పోతుందని మా అత్తమ్మ ఒకటే గోల. బాబు చేతులు రెండుసార్లు సబ్బుతో కడిగించింది.

పొద్దున చూస్తే పెరట్లో బాదం చెట్టు కింద మేక పెంటికల్లాంటివి రాలి ఉన్నాయి. పైకి చూస్తే లావాటి పచ్చ పురుగులు. మా ఆయన వేలికన్నా లావు. సగం ఆకులు తినేశాయి. పిల్లలు ఆడుకునేది ఆ చెట్టు కిందే. విషమా? మందు కొట్టించాలా? ఫొటోలు పెట్టాను.

రవ్వలడ్డు:

ఆలోచించకుండా మందు కొట్టించండి మేడమ్. పత్తి చేలో పురుగు కుట్టి ఐదు నిమిషాల్లో మనుషులు పోయారని వాట్సాప్‌లో వచ్చింది కదా. పిల్లలున్న ఇల్లు, రిస్క్ ఎందుకు.

కోటపల్లి పోరడు:

అక్కా, మందు మాత్రం కొట్టించకు. ఫొటో చూడగానే నవ్వొచ్చింది. నువ్వు భయపడుతున్న పురుగును మా నాన్న వానల్లో తడుసుకుంటూ కాపలా కాసి పెంచేవాడు. అది దసలి పట్టు పురుగు.

గోడ మీద ఉన్నది తల్లి పురుగు, ఆడది. పొట్ట లావుగా, రంగు పసుపుగా ఉందన్నావు కదా. మగది కొంచెం చిన్నగా, ఎర్ర గోధుమ రంగులో ఉంటుంది, దాని మీసాలు వెడల్పుగా ఈకల్లా ఉంటాయి. ఆ కళ్ల మచ్చల నడుమ చూడు, రెక్క మీద పొలుసులు ఉండవు, అవతలి గోడ కనిపిస్తుంది. అవి పిట్టలను బెదిరించడానికే, మనల్ని చేసేదేమీ లేదు. దానికి కొండి లేదు, కరవడానికి పనికొచ్చే నోరు కూడా లేదు. చెట్టు మీద పచ్చ పురుగుగా ఉన్నప్పుడు తిన్నదానితోనే వారం, పది రోజులు బతికి, గుడ్లు పెట్టి పోతుంది. నిన్నటి నుంచి గోడ మీదే ఉంటే పక్కన చిన్న గోధుమ రంగు గుడ్లు కూడా ఉండొచ్చు, చూడు.

పొడి సంగతి అంటే, అది రెక్కల పొలుసు. దాంతో చూపు పోదు. కళ్లు నలుపుకుంటే ఎర్రబడి నీళ్లు కారతాయి, అంతే. ఉబ్బసం ఉన్నవాళ్లకు తుమ్ములు, ఆయాసం రావొచ్చు, వాళ్లు దూరంగా ఉంటే మంచిది. అత్తమ్మ చేతులు కడిగించింది చూడు, అది మంచి పనే.

ఇక చెట్టు మీదివి. అవి ఈ తల్లి పిల్లలు కావు. జూన్, జూలై వానలకు వచ్చిన తల్లులు పెట్టిన గుడ్లలోంచి వచ్చినవి. వాటితోపాటు పుట్టి ముందే గూడు కట్టుకున్న వాటిలోంచి నీ గోడ మీద తల్లి వచ్చి ఉంటుంది. దసలి పురుగుకు మద్ది చెట్టు ముఖ్యం, తెల్ల మద్ది, నల్ల మద్ది రెండూ. కానీ బాదం కూడా మద్ది జాతిదే కాబట్టి దాన్ని కూడా తింటుంది. రేగు చెట్టు మీద కూడా చూశాను. ఒళ్లంతా పచ్చగా, పక్కన పసుపు గీత, అక్కడక్కడ వెండి చుక్కలు మెరుస్తుంటాయి. నాలుగైదు వెంట్రుకలున్న బుడిపెలు ఉంటాయి గానీ అవి గుచ్చుకోవు. మేం చిన్నప్పుడు ఆకులు అయిపోయిన కొమ్మ మీది పురుగులను పక్క చెట్టు మీదికి మార్చేవాళ్లం. కొమ్మతో సహా కోసి మార్చాలి, గుంజితే దాని కాళ్లు తెగిపోతాయి గానీ కొమ్మను వదలదు. దురద, దద్దు ఏదీ లేదు మాకు.

మా చెన్నూరు, కోటపల్లి వైపు, అటు మహదేవ్‌పూర్ వైపు అడవిలో మద్ది చెట్ల మీద దీన్నే పంటగా పెంచుతారు. పట్టు పరిశ్రమ శాఖ వాళ్లు రోగం లేని గుడ్లు ఇస్తారు. పొదిగిన పిల్లలను చెట్టెక్కించిన దగ్గర్నుంచి కాపలానే. కాకులు, చీమలు, కందిరీగలు, కోతులు, అన్నిటికీ ఇదే కావాలి. మల్బరీ పట్టు పురుగుకు ఇంట్లో తట్టలు, ఏసీ గదులు. దీనికి ఎండా వానా అన్నీ బయటే. నెల, నెలన్నర తిన్నాక కొమ్మకు కాడ చుట్టి, ఆ కాడకు గట్టి గూడు కడుతుంది, దాన్నే మేం కాయ అంటాం. ఆ కాయలు ఉడకబెట్టి తీసిన దారంతోనే మహదేవ్‌పూర్‌లో దసలి చీరలు నేస్తారు. నీ బాదం చెట్టు చావదు అక్కా. ఆకు మళ్లీ వేస్తుంది.

నైట్‌డ్యూటీ:

పై అన్న చెప్పింది నిజమే, కానీ పచ్చగా ఉన్న ప్రతిదీ దసలి అనుకోవద్దు. నేను గవర్నమెంటు ఆసుపత్రిలో స్టాఫ్ నర్సుని. వానాకాలంలో గొంగళి పురుగు తగిలిన పిల్లలు వస్తూనే ఉంటారు, ఎక్కువమంది మునగ చెట్టు దగ్గర్నుంచే. మునగ కాండానికి గుంపుగా అతుక్కుని ఉండే వెంట్రుకల పురుగులు గాలికి కూడా దురద పెడతాయి.

తగిలితే రుద్దొద్దు, గోకొద్దు. వెంట్రుకలు ఇంకా లోపలికి పోతాయి. ముందు సెల్లో టేపు గానీ, గాయానికి వేసే ప్లాస్టర్ గానీ అంటించి పీకండి, ఒక్కోసారి కొత్త ముక్కతో. తర్వాత సబ్బు నీళ్లతో కడిగి చల్లటి గుడ్డ వేయండి. వేసుకున్న బట్టలు విడిగా ఉతకండి. సున్నం, పసుపు, పేడ పూయడం వద్దు. కంట్లో వెంట్రుక పడితే నలపకుండా కళ్ల డాక్టరు దగ్గరికే. మొహం వాచినా, ఊపిరి ఆడకపోయినా ఇంట్లో చిట్కాలు చేస్తూ కూర్చోవద్దు, వెంటనే ఆసుపత్రికి తీసుకురండి.

రవ్వలడ్డు గారూ, ఆ పత్తి చేను పోస్టు 2022లో మహారాష్ట్ర వైపు నుంచి తిరిగింది. అది స్లగ్ గొంగళి పురుగని, కుడితే మంట తప్ప ప్రాణం పోదని కీటక శాస్త్రవేత్తలు అప్పుడే చెప్పారు. దాన్ని ఫార్వర్డ్ చేసినవాళ్లు మాత్రం ఈ మాటను ఫార్వర్డ్ చేయలేదు.

బాదంచెట్టు ఇల్లు:

అమ్మయ్య, టెన్షన్ సగం తగ్గింది. గుడ్లు నిజంగానే ఉన్నాయి, కిటికీ పక్కన! కానీ మీరు చెప్పాక చెట్టు దగ్గర సరిగ్గా చూస్తే కింది కొమ్మలో ఒక ఆకు అడుగున వేరే రకం కనిపించింది. అంగుళం కూడా లేదు, లేత పచ్చ, వీపు మీద నీలం చార, ఒంటి నిండా ముళ్లు. కొన్ని ముళ్ల కొసలు ఎర్రగా ఉన్నాయి. ఐదారు దగ్గర దగ్గరగా ఉన్నాయి. దసలి పిల్లలా?

కోటపల్లి పోరడు:

కాదు అక్కా! ముట్టుకోకు, బాబును ఆ కొమ్మ దగ్గరికి రానివ్వకు. నర్సు గారు చెప్పిన స్లగ్ రకం అదే. కొబ్బరి, మామిడి, ఆముదం, బాదం అన్నిటి మీదా ఉంటుంది. కాళ్లు కనిపించకుండా ఆకుకు అతుక్కుని ఉంటుంది, అదీ గుర్తు. దసలి పురుగైతే కొమ్మను కాళ్లతో గట్టిగా పట్టుకుని తల పైకెత్తి కూర్చుంటుంది. ఆ ముళ్లు తగిలాయంటే గంటల తరబడి మంట, ఎంత పెద్ద మనిషైనా గంతులేస్తాడు.

ఐదారే కాబట్టి మందు అక్కర్లేదు. బావను నిండు చేతుల చొక్కా, మందపాటి గ్లోవ్స్ వేసుకొమ్మను. ఆకులను కత్తెరతో కాడ దగ్గర కత్తిరించి నేరుగా సబ్బు నీళ్ల బకెట్‌లో వేయాలి. కింద నిలబడి కొమ్మ ఊపొద్దు, మీద పడతాయి. తర్వాత కాండం మీద కూడా చూడండి, గుండ్రటి గట్టి గూళ్లు అతుక్కుని ఉంటే చేత్తో గోకకుండా చాకుతో తియ్యండి. వాటికీ ముళ్లు అంటుకునే ఉంటాయి.

రవ్వలడ్డు:

సరే, నా గ్రూపులో ఆ పోస్టు డిలీట్ చేయించాను. ఒక డౌటు. చెట్టు మీద దసలి కాయలు కడితే అమ్ముకోవచ్చా?

కోటపల్లి పోరడు:

పది కాయలకు ఎవరూ రారు అన్నా, బస్ చార్జీ కూడా గిట్టదు. అక్కా, బాబుకు చూపించాలంటే ఒక కాయ కొమ్మతో సహా కోసి, గాలి ఆడే పెట్టెలో వేలాడదీయి. రెక్కల పురుగు ఇప్పుడే బయటికి వస్తుందని మాత్రం చెప్పకు. ఈ కాలంలో కట్టిన కాయ చాలాసార్లు చలీ ఎండా దాటాక, వచ్చే వానలకు గానీ తెరుచుకోదు. వచ్చినప్పుడు రెక్కలు ముడతలుగా ఉంటాయి, పట్టుకుని వేలాడడానికి పుల్ల ఉండాలి. పుల్ల లేకపోతే రెక్కలు వంకరగానే ఎండిపోతాయి.