గ్లాసు వంక చూస్తూ కూర్చునే పిల్లకి ఏం చదివించాలి?

మా తొమ్మిదేళ్ల పాప రోల్డ్ డాల్ ‘మటిల్డా’ (1988), అంటే చూపుతోనే గ్లాసు పడేసే అమ్మాయి కథ, చదివినప్పటి నుంచి అన్నం ముందు కూర్చుని స్టీలు గ్లాసు వంక రెప్ప వేయకుండా చూస్తోంది. నిన్న పప్పుచారు చల్లారిపోయింది, గ్లాసు మాత్రం కదల్లేదు. ఇలాంటి శక్తుల కథలు ఇంకేమైనా చెప్పండి. దయ్యాలు వద్దు, నాకే నిద్రుండదు.

జవాబు 1:
కథ చివర్లో మటిల్డాకి ఆ శక్తి పోతుంది కదండీ! పై తరగతిలో వేశాక బుర్రకి సరిపడా పని దొరుకుతుంది, అంతే. పాపకి నాలుగు లెక్కలు ఎక్కువివ్వండి :)

జవాబు 2:
పాత చందమామల్లో బేతాళ కథలు. శవంలోంచి మాట్లాడినా భయమేయదు, పిల్లల దృష్టంతా చివరి ప్రశ్న మీదే. మావాడు విక్రమార్కుడి జవాబు చదవకుండా పేజీ మూసి నాతో వాదనకి దిగేవాడు.

అడిగినవారు:
శవం ఉంది, దయ్యం లేదంటారు! సరే, పగలే చదివిస్తా. గ్లాసులో నీళ్లు మాత్రం సగమే పోస్తున్నా, ఎందుకైనా మంచిదని.