2009 నాటి డిస్మిసల్ ఉత్తర్వుపై ఇప్పుడు హైకోర్టుకు వెళ్లవచ్చా?

ప్రశ్న: మా నాన్నగారు ఉమ్మడి రాష్ట్రంలో, ఇప్పటి తెలంగాణ జిల్లా ఒకదానిలో, 22 ఏళ్లు ప్రభుత్వ ఉద్యోగం చేశారు. అమ్మ మూత్రపిండాలు పాడైనప్పుడు సెలవు మంజూరు కాకపోయినా 11 నెలలు ఆసుపత్రిలోనే ఆమె దగ్గర ఉండిపోయారు. 2009లో, విచారణ నివేదిక ప్రతి కూడా ఇవ్వకుండా, డిస్మిస్ చేశారు. అప్పీలు 2011లో తిరస్కరించారు. అప్పటి నుంచి ఏటా సంక్రాంతి వెళ్లగానే ఒక వినతిపత్రం పంపుతున్నారు. రిజిస్టర్డ్ పోస్టు రసీదులన్నీ ఒక బిస్కెట్ డబ్బాలో, ఏ ఏడాదివి ఆ ఏడాదికి గుండుసూది గుచ్చి దాచారు. నిరుడు మొదటిసారి జవాబు వచ్చింది, ‘పరిశీలించి తిరస్కరించడమైనది’ అని రెండు వరుసల మెమో. దాన్ని సవాలు చేస్తే పాత ఉత్తర్వు కూడా మళ్లీ విచారణకు వస్తుందని తెలిసినవారు ఒకరు అంటున్నారు. నిజమేనా?

జవాబు (విశ్రాంత సూపరింటెండెంట్): అమ్మా, నేను 19 ఏళ్లు ఎస్టాబ్లిష్‌మెంట్ సెక్షన్‌లో, అంటే ఉద్యోగుల సర్వీసు వ్యవహారాలు చూసే విభాగంలో, ఉన్నాను. అలాంటి వినతిపత్రాలు నా బల్ల మీదికి వందల్లో వచ్చాయి. ఇన్‌వర్డ్ నంబరు వేసి ఫైలులో పెట్టేవాళ్లం. ప్రతి కాగితం వెనుక ఒక ఇల్లు ఎదురుచూస్తోందని తెలుసు, అందుకే ఈ మాట మీకు ముందే చెప్పాలి: ఆ రెండు వరుసల మెమోతో కోర్టుకు వెళ్లే గడువు కొత్తగా మొదలవదు. 2008లో సి. జాకబ్ కేసులో సుప్రీంకోర్టు ఈ విషయమే తేల్చింది. కాలం చెల్లిన క్లెయిముపై వినతిపత్రం ఇచ్చి, దానికొచ్చిన తిరస్కరణను పట్టుకుని కోర్టుకు వస్తే పాత హక్కు తిరిగి పుట్టదు. అంతకుముందే 1989లో ఎస్.ఎస్. రాథోడ్ కేసులో ఏడుగురు న్యాయమూర్తుల ధర్మాసనం, నిబంధనల్లో ఉన్న అప్పీలు తేలిన రోజు నుంచే గడువు లెక్కించాలని, పదే పదే ఇచ్చే వినతిపత్రాలతో అది పెరగదని చెప్పింది.

మీ నాన్నగారి అప్పీలు తేలిన 2011లో, ప్రభుత్వోద్యోగుల సర్వీసు వివాదాలు వినే రాష్ట్ర పరిపాలనా ట్రైబ్యునల్ ఉండేది. 1985 నాటి పరిపాలనా ట్రైబ్యునళ్ల చట్టం ప్రకారం ఏడాదిలోపు అక్కడికి వెళ్లాలి. తెలంగాణలో 2016లో దాన్ని రద్దు చేశారు కాబట్టి ఇప్పుడు హైకోర్టులో రిట్ వేయాలి. రిట్‌కు ఇన్ని రోజులని గడువు రాసి లేదు గాని, ఇంత జాప్యానికి కారణం గట్టిగా చూపకపోతే లోపలి విషయం చూడకుండానే కొట్టేయవచ్చు. ఆ రసీదులను ఆయన ఎంత భద్రంగా దాచుకున్నారో తలచుకుంటే మనసు కలుక్కుమంటోంది.

జవాబు (న్యాయవాది): ఒక్క సంగతి చూడండి. అప్పీలు తిరస్కరించిన ఉత్తర్వు ఆయన చేతికి నిజంగా అందిందా? అందకపోతే లెక్క మారుతుంది. సమాచార హక్కు చట్టం కింద డిస్పాచ్ రిజిస్టరు నకలు, ఆయన సంతకం ఉన్న అక్నాలెడ్జ్‌మెంటు నకలు అడగండి. విచారణ నివేదిక ప్రతి ఇవ్వలేదన్నది మంచి వాదనే, కానీ ఆలస్యాన్ని అది ఒక్కటే దాటించలేదు. ఉత్తర్వు చెల్లదనుకున్నా గడువులోపు కోర్టుకు రావాల్సిందేనని 1991లో గురుదేవ్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది.

ప్రశ్న అడిగినవారు: నాన్నగారిని అడిగాను. ఆ కవరు 2011లో ఆసుపత్రి వరండాలో అందుకుని సంతకం చేశారట. అమ్మకు డయాలసిస్ జరుగుతుండగా పోస్ట్‌మాన్ వెతుక్కుంటూ అక్కడికే వచ్చాడట. అప్పటికి లాయరును చూసుకునే స్థితిలో లేరు. ఇంక ఏ దారీ లేదా?

జవాబు (విశ్రాంత సూపరింటెండెంట్): ఒకటుంది. కారుణ్య భత్యం అడగండి. డిస్మిస్ అయినవారికి పింఛను పోతుంది గాని, రాష్ట్ర ప్రభుత్వ 1980 పింఛను నిబంధనల్లో కారుణ్య భత్యానికి వీలుంది. రావలసిన పింఛనులో మూడింట రెండు వంతులు మించకుండా మంజూరు చేయవచ్చు. అనుమతి లేకుండా గైర్హాజరైనందుకు డిస్మిస్ అయిన ఢిల్లీ కానిస్టేబుల్ మహీందర్ దత్ శర్మ కేసులో, 2014లో సుప్రీంకోర్టు ఈ భత్యం గురించి వివరంగా చెప్పింది. అవినీతి, మోసం లాంటి మచ్చ లేనివారి దరఖాస్తును సానుభూతితో చూడాలన్నది దాని సారం. అది కేంద్ర నిబంధనల కింద వచ్చిన తీర్పు, అయినా మీ దరఖాస్తులో చూపించండి. డబ్బు తిన్నారన్న ఆరోపణ మీ నాన్నగారి మీద లేదు కదా, ఆ మాట మొదటి పేరాలోనే రాయండి.

దరఖాస్తు ఆయన్ను డిస్మిస్ చేసే అధికారం ఉన్న అధికారికే ఇవ్వాలి. సర్వీసు రిజిస్టరు నకలు, అమ్మగారి డయాలసిస్ కాగితాలు జతచేయండి. తపాలాలో పంపవద్దు. మీరే వెళ్లి ఆఫీసులో కాగితాలు తీసుకునే తపాలు సెక్షన్‌లో ఇచ్చి, మీ ప్రతి మీద ముద్ర, తేదీ వేయించుకోండి.